మూడో అంతస్తు బుట్ట

నేను ఒక వెదురు బుట్టని. విశాఖపట్నంలో మేదర గున్నమ్మ చేతుల్లో పుట్టాను. అల్లడం పూర్తయ్యాక ఆమె నన్ను ఒళ్లో పెట్టుకుని, పేళ్లు ఎవరికైనా గుచ్చుకుంటాయేమోనని అంచంతా వేలితో తడిమి చూసింది. అంత శ్రద్ధగా నన్ను మళ్లీ ఎవరూ తడమలేదు.

నన్ను కొన్నది నరహరిగారు. అచ్చాఫీసులో ప్రూఫులు దిద్ది రిటైరైన మనిషి. భార్య పోయాక అల్లిపురంలో, మూడో అంతస్తులో ఒక్కరే ఉండేవారు. మోకాళ్ల నొప్పులు, మెట్లు దిగలేరు. రోజూ ఏడింటికి నాకు తాడు కట్టి బాల్కనీలోంచి కిందికి వదిలేవారు. తోపుడు బండి పైడమ్మ తోచిన కూరలు వేసేది. ఆయన పైకి లాక్కునేవారు. మాటల్లేవు. గొంతు ఉండి కూడా మనుషులు దాన్ని ఎందుకు వాడరో నాకు అర్థమయ్యేది కాదు.

ఒకరోజు ఆయన కావలసిన కూరలు చీటీ మీద రాసి నాలో వేశారు. పైడమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి తలెత్తింది.

"నాకు సదువు రాదు బాబూ. నోటితో సెప్పండి."

ఆయన రెండుసార్లు దగ్గి, బాల్కనీ మీంచి కిందికి వంగారు. చివరికి, "తోటకూర," అన్నారు.

మర్నాటినుంచి బెండకాయ లేతదేనా అనో, సముద్రం మీద గాలి ఎలా ఉందనో ఏదో ఒకటి అడిగేవారు. మాట పొడిగించడానికే ఇంకో రకం కొనేవారు. సగం వంకాయలు వంటింట్లో ముడతలు పడేవి.

ఉన్నట్టుండి పైడమ్మ రావడం మానేసింది. పదకొండు రోజులు నేను ఖాళీగా దిగి ఖాళీగా పైకొచ్చాను. వేరే బండివాళ్లు పిలిచినా ఆయన పలకలేదు. పన్నెండో రోజు తాడు విప్పి, నన్ను చేత్తో పట్టుకుని, గోడ ఆసరాతో ఒక్కో మెట్టూ దిగారు. బత్తాయిలు కొని నాలో వేసి, వాళ్లనీ వీళ్లనీ అడిగి ఆమె ఇల్లు కనుక్కున్నారు.

పైడమ్మ కాలికి కట్టుతో గుమ్మంలో కూర్చుని ఉంది. వాలు రోడ్డులో బండి జారి మీద పడిందట. ఆయన్ని తేరిపార చూసింది.

"ఇంత పొడుగు మనిషనుకోలేదు బాబూ. కిందనుంచి ఒట్టి తలకాయే కనిపించీది."

ఆయన నవ్వబోయి, నవ్వలేక, ఆమె పక్కనే మెట్టు మీద కూలబడ్డారు. "ఈ ఊళ్లో నేను మాట్లాడేది నీతోనేనమ్మా," అన్నారు.

నన్ను అక్కడే వదిలి వెళ్లారు. పైడమ్మ మళ్లీ బండి తోయలేకపోయింది. ఇంటి అరుగు మీదే కూరలు అమ్ముతోంది. నా అడుగు వదులైంది, ఉల్లిపాయలకే పనికొస్తున్నాను. ఆదివారాలు ఆయన ఎలాగో దిగి వస్తారు. ఇద్దరూ చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ కూర్చుంటారు.

ఈ ఆదివారం పొద్దుటినుంచీ వాన. రారేమో. పైడమ్మ ఈనెలు తీస్తూ మాటిమాటికీ వీధి చివరికి చూస్తోంది. సగం కాయలు ముట్టుకోకుండా ఆయనకోసం పక్కన ఉంచింది.