గట్టు మీది బిడ్డ

ఎడిటింగ్ గదిలో శ్రీలేఖ తన డాక్యుమెంటరీలోని ఆ షాట్‌ను మళ్ళీ వెనక్కి తిప్పించింది. తెర మీద అమీర్‌పేటలో మెట్రో స్తంభం పక్కన ముసలి ఓదెలు నిలబడి ఉన్నాడు. ఫ్రేములో లేని శ్రీలేఖ గొంతు వినిపిస్తోంది: "ఇక్కడ కాదు తాతగారూ. పాత సర్వే పటం ప్రకారం మీ చేను గట్టు అటువైపు, ఆ హాస్టల్ ఉన్నచోట."

"సినిమాకి ఇదే ప్రాణం మేడమ్," అన్నాడు ఎడిటర్ ప్రమోద్. "ఆ మొహం చూడండి!"

ఆమె అదే చూస్తోంది. యాభై ఏళ్ళ కిందట చనిపోయిన రెండేళ్ళ కూతుర్ని జొన్నచేను గట్టు మీద పాతిపెట్టాడు ఓదెలు. చేను పోయింది, గట్టు పోయింది. అయినా ఏటా పెత్తరమాసకు, పోయినవాళ్ళకు పెట్టుకునే ఆ అమావాస్య నాడు, ఆ స్తంభం దగ్గర ఒక బిస్కెట్ పొట్లం పెట్టి, ఊదుబత్తి వెలిగించి వచ్చేవాడు. మనుషులు చెప్పినదాన్ని పటంతో సరిచూడటం మానవశాస్త్రం ఆమెకు నేర్పిన అలవాటు. అలా సరిదిద్దితే చాలామంది నవ్వేవారు, కొందరు వాదించేవారు. ఓదెలు మాత్రం స్తంభాన్నీ హాస్టల్‌నూ మార్చి మార్చి చూశాడు. ఆ క్షణంలో తనకు కలిగింది జాలి కాదు, మంచి షాట్ దొరికిందన్న సంతోషం. అది గుర్తొచ్చి లేచింది.

పంజాగుట్ట వెనక సందులో ఓదెలు కోడలు వనిత తలుపు తీసింది.

"మొన్న పెత్తరమాసకు గడప దాటలే అక్కా. బిస్కెట్లు తెచ్చిస్తె గూట్లె వెట్టిండు."

ఓదెలు మంచం మీద కూర్చుని ఉన్నాడు. శ్రీలేఖ నేల మీద కూర్చుంది.

"తాతగారూ, నేనే లెక్క తప్పాను. మీరు చెప్పిందే సరైన చోటు."

ఆయన ఆమె మొహంలోకి చూశాడు. "గా దినం పటం జూసుకుంట మస్తు ధైర్నంగ చెప్పినవ్. గిప్పుడేంది, కండ్లు కిందికేస్తున్నవ్?"

పటం తప్పు కాదని తెలిసే అన్న మాట అది; ఆమె తలెత్తి ఆయన వైపు చూసింది.

"హాస్టల్ కాడికి సుత పోయిన బిడ్డా. ఎవలు గావాలె అన్నడు వాచ్‌మన్. ఏం జెప్పాలె? మర్లి వచ్చిన. పిల్లర్ కాడ నిలవడితే పోరి అక్కడున్నదనిపిస్తది. అక్కడికి వోతె ఇక్కడున్నదనిపిస్తది."

"ఆ ముక్క సినిమాలోంచి తీసేస్తాను."

"తీసెయ్. నా తలకాయలకెళ్లి సుత తీస్తవా మరి?"

"మామా, ఇంటికొచ్చినోళ్లతోని గట్లనా?" అని వనిత చాయ్ తెచ్చి పెట్టింది.

శ్రీలేఖ గ్లాసు ముట్టుకోలేదు. పొలం సర్వే నంబరు తెలుసు, ఎప్పుడు ఎవరికి అమ్మారో తెలుసు, గట్టు పొడవు తెలుసు. పదకొండు రోజులు షూటింగ్ చేసి కూడా ఒకటి మాత్రం అడగలేదు.

"పాప పేరేంటి తాతగారూ?"

ఓదెలు కోడలి వైపు చూశాడు. వనితకూ ఆ పేరు తెలియదని ఆ చూపులోనే శ్రీలేఖకు అర్థమైంది.

"గదొక్కటి నా కాడ ఉండనియ్ బిడ్డా," అన్నాడు. "చాయ్ తాగు, సల్లారుతున్నది."