చాంద్ పాషా నడుము

క్రేను కొక్కేనికి వేలాడుతూ విగ్రహం దొర గడి గేటు ముందు దిగింది. ఒళ్లంతా ఆకుపచ్చ పరదా చుట్టారు. దిమ్మెకు బిగించిన రాతిపలక మాత్రం బయటే ఉంది. ఖతీజాబీ దాని ముందు చతికిలబడి, చదువు రాని వేళ్లతో అక్షరాలు తడుముతోంది.

"ఏది బిడ్డా, మా నాయిన పేరు ఏడుంది?"

మనుమరాలు ఆఫ్రీన్ ఆమె వేలు పట్టుకుని పేరు మీద పెట్టింది. మిగతా మాటలు చదవలేదు. నేను చదివాను. 'దొరగారి ఉప్పు తిని, వారి తుపాకుల కొట్టు కోసం ప్రాణమిచ్చిన స్వామిభక్తుడు.' నా ఒళ్లు మండిపోయింది. బతికున్నప్పుడు వెట్టి చేయించుకున్నది చాలక, చచ్చాక కూడా కాపలా కాయమంటున్నారు.

"దాదీకి మిగిలింది ఎందుకు చదవలేదు?" అని అడిగాను.

"దాదీ గిట్ల నవ్వంగ నేను ఎన్నడు సూడలే అక్కా. ఎట్ల సదువుత?"

స్టేషన్ ఘన్‌పూర్ నుంచి లోపలికి పోతే వస్తుంది కొలిమిపేట. నిజాం కాలంలో ఇక్కడి కొలుముల్లో నాగళ్ల కన్నా తుపాకులే ఎక్కువ తయారయ్యేవి. చేసేది వెట్టివాళ్లు, పేల్చేది దొర గూండాలు, గుండు తగిలేది మళ్లీ వెట్టివాళ్లకే. సాయుధ పోరాటం రోజుల్లో ఒక తెల్లవారుజామున పై ఊళ్ల నుంచి దళం వచ్చి ఆ తుపాకుల కొట్టు పగలగొట్టింది. ఆ తుపాకులతోనే చుట్టుపక్కల పల్లెలు దొరల మీద తిరగబడ్డాయి. కానీ ఆ దాడిలో చచ్చిపోయింది దొర కాదు, దొర తమ్ముడూ కాదు. కొలిమిలో సమ్మెట కొట్టే చాంద్ పాషా. అప్పటికి ఖతీజాబీ తల్లి కడుపులో ఉంది.

ఊరి నడుమ ఆ దాడికి గుర్తుగా మా సంఘం కట్టిన స్థూపం ఉంది. ఏటా అక్కడ ఎర్రజెండా ఎగరేస్తాం. "రజాకార్ కుక్కను, దొర కాపలావాణ్ణి మట్టుబెట్టి" అని మైకు మొదలవగానే ఖతీజాబీ తలుపు వేసుకునేది. ఆ మూసిన తలుపు మాలో ఎవరికీ పట్టలేదు. పట్టింది దొర మనవడు మహిపాల్‌కు. గడిని రిసార్టు చేస్తున్నాడు. పట్నం నుంచి వచ్చేవాళ్లకు చూపించడానికి చరిత్ర కావాలి కదా! కొరడాల సంగతి చెబితే గదులు ఎవరు తీసుకుంటారు? అందుకని శిల్పికి ఖతీజాబీ పోలికలు చూపించి, భక్తిని పోత పోయించాడు.

స్థూపం దగ్గర మీటింగు పెట్టాం. ఉపాధి కూలీలు వచ్చారు, బీడీలు చుట్టే ఆడవాళ్లు వచ్చారు, హన్మకొండ నుంచి విద్యార్థులు వచ్చారు. విగ్రహాన్ని నిలవనీయొద్దని నిఖిల్ అనే కుర్రాడు ఆవేశంగా మాట్లాడుతున్నాడు. వెనక నుంచి ఖతీజాబీ లేచింది.

"ఎందుకు నిలవనీయరు? మీరు మా నాయిన పేరు ఎన్నడన్న రాసిన్రా? ఆయన మొఖం ఎట్లుంటదో నాకు తెల్వది. ఒక్క ఫొటో లేదు. ఆడు దొరోడైతేంది, దొంగోడైతేంది, నాకు సూపిస్తాండు. నన్ను సూసుకోనియ్యుండ్రి."

నిఖిల్ కూర్చున్నాడు. "అయితే మన స్థూపం మీద ఆయన పేరు రాద్దాం" అన్నాను నేను. అంతే, ఎల్లస్వామి విరుచుకుపడ్డాడు. సంఘం అధ్యక్షుడతను. ఆనాటి దళనాయకుడి కొడుకు.

"గా పేరు రాసుడంటె మా నాయినను ఖూనీకోరు అనుడే! ఆయన ఉత్తగనే కాల్చలే. ఆగు, ఆగు అని ఒర్రిండు. వాడు ఎనక్కి తిరిగి సూడకుంట, భుజం మీద ఏందో పెట్టుకొని, దొర వాకిలి దిక్కే పోయిండు. మా నాయిన సచ్చేదాక గదే మాట. ఆగుమంటె ఆగలే, ఆగుమంటె ఆగలే అని!"

తొంభైకి దగ్గరపడిన సమ్మమ్మ, కమ్మరి ఇంటి ఆడబిడ్డ, అరచేత్తో నేలను చరిచింది.

"ఓరి నీ పాడుగాను! ఆయనకు ఇనొస్తదారా? సమ్మెట కొట్టేటోల్లకు చెవులుంటయా? మా నాయిన చెవిటోడు, మా చిన్నాయిన చెవిటోడు. గీ ఊరి మగోల్లను నోటితోని ఎవలు పిలిచిన్రు? పోయి భుజం తట్టుడే. సమ్మెట భుజానేసుకొని పనికి పోతుండె పాపం. కొలిమి దొర వాకిలి పక్కకే గద ఉండె!"

పై ఊరి దళానికి ఆ సంగతి ఎవరు చెబుతారు? ఆగు అన్న మాట కాల్చినవాడికే తెలుసు, చెవుడు సంగతి ఊరివాళ్లకే తెలుసు. రెండూ ఇన్నేళ్లకు ఒక చోట కలిశాయి. భక్తితో చచ్చాడని గడి అంది, కుక్కలా చచ్చాడని మేమన్నాం. ఆయనకు అసలు వినబడనే లేదు.

ఎల్లస్వామి మొహం మాడిపోయింది. కండువా దులుపుకుని, ఎవరినీ చూడకుండా వెళ్లిపోయాడు. ఖతీజాబీ ఏడవలేదు. "నాకెవ్వలు చెప్పకపాయిరి" అంది, అంతే.

ఆవిష్కరణ నాడు గడి ముందు టెంట్లు, పోలీసులు, డప్పులు. మహిపాల్ ఖతీజాబీకి శాలువా కప్పాడు.

"పెద్దమ్మా, మీ నాన్నగారు మా కుటుంబంలో మనిషి లాంటివారు."

పరదా లాగారు. ఒక చేత తుపాకీ, ఒక చేయి గుండెల మీద, నడుము సగానికి వంచి, కళ్లు నేలకు దించి ఉన్నాడు చాంద్ పాషా. ఆ మొహం కనబడాలంటే ఖతీజాబీ దిమ్మె కింద మోకాళ్ల మీద కూర్చోవలసి వచ్చింది. అట్లా కూర్చునే చాలాసేపు చూసింది.

"సమ్మక్కా, జర ఇటు రా. మా నాయిన గిట్లనే ఉంటుండెనా?"

కాదని చెబితే బాగుండునని అందరం అనుకున్నాం. కాదంటే ఖతీజాబీకి తేలికయ్యేది. సమ్మమ్మ కర్ర మీద వాలి, కళ్లు చికిలించి చూసింది. అబద్ధం చెప్పడం ఆమెకు చేతకాలేదు.

"మొఖం మీ నాయినదే బిడ్డా. గా ముక్కు, గా గదువ... అచ్చం ఆయనే. నడుం ఆయనది కాదు. సమ్మెట కొట్టేటోని నడుం గట్ల వంగదు."

ఖతీజాబీ దిమ్మె ఎక్కింది. తండ్రి చెంప నిమిరింది. పుట్టి ఇన్నేళ్లకు మొదటిసారి తండ్రిని ముట్టుకున్న మనిషిని ఏ పోలీసు మాత్రం తొందరపెట్టగలడు? తర్వాత భుజాల మీది శాలువా తీసి, ఆ మొహానికి చుట్టి ముడివేసింది.

"తీసుకపోండ్రి. నా నాయినను వంచి సూపిచ్చేటట్లయితె నాకు సూపియ్యద్దు."

దిమ్మెకు ఆనుకుని కూర్చుంది. పక్కన సమ్మమ్మ కూర్చుంది. బీడీల ఆడవాళ్లు కూర్చున్నారు. "ముసలామెను ఈవిడే ఉసిగొల్పింది సార్" అంటూ మహిపాల్ నావైపు వేలు చూపించాడు. సీఐ లాఠీ తీశాడు. అప్పుడు టెంటులో మైకు గరగరమంది. ఎల్లస్వామి!

"చాంద్ పాషాను సంపింది మా నాయిన. ఆయన దొర మనిషి కాదు, మన మనిషి. మనోన్ని మనమే సంపుకున్నం. ఏటేట గీ మైకుల మల్ల మల్ల సంపినం. మాఫ్ చెయ్యి ఖతీజమ్మా."

"నేనెట్ల మాఫ్ చేస్త? ఆయనుంటె ఆయనను అడుగుదువు" అందామె. కోపంగా అనలేదు. అందుకే ఎల్లస్వామి మైకు వదిలేసి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

లాఠీలు లేచాయి. మమ్మల్ని ఈడ్చి వ్యానులో పడేశారు. ఖతీజాబీ నుదుటి మీద రక్తం కారుతోంది. ఆమె దాన్ని పట్టించుకోలేదు. కిటికీ జాలీలోంచి ఆ శాలువా చుట్టిన తల వైపే చూస్తోంది.

"ఇంకింత సేపు సూడకపోతిని. తొందరపడి కప్పేస్తి" అని ఆఫ్రీన్ చేయి పట్టుకుని గుక్కపట్టి ఏడ్చింది.

బయట ఎవరో ఆడగొంతు లేచింది.

"చాంద్ పాషాకు!"

గుంపు ఒక్క క్షణం తడబడింది. ఆ పేరుకు బదులు పలకడం మా వాళ్లకు అలవాటు లేదు మరి. అంతలో వందల గొంతులు ఒక్కటయ్యాయి.

"జోహార్!"

ఖతీజాబీ ఏడుపు ఆగిపోయింది. డ్రైవరు బండి స్టార్ట్ చేశాడు.

"జర ఆపు కొడుకా. ఇననియ్యి."

అతను ఆపలేదు, గేరు వేశాడు. బండి కదలలేదు. చక్రాల ముందు కొలిమిపేట కూర్చుని ఉంది.