దాలమ్మ బిందె

మా భాలుబాసా వీధి కుళాయి దగ్గర మనుషులు వరసలో నిలబడరు, బిందెలు నిలబడతాయి. ముందురోజు సాయంత్రం బిందె పెట్టి పోతే చాలు. తెల్లారి నీళ్ళొచ్చాక జోగమ్మ ఎవరి వంతు వస్తే వాళ్ళ పేరు పిలుస్తుంది. ఆవిడను ఎవరూ నియమించలేదు. గొంతు పెద్దది కాబట్టి ఆ ఉద్యోగం ఆవిడదైంది.

మా బిందె పేరు దాలమ్మ. దాలమ్మ నా భార్య. డెబ్బై ఎనిమిది ఆషాఢంలో పోయింది. బిందె పేరు మాత్రం ఎవరూ మార్చలేదు. రోజూ పొద్దున్నే "దాలమ్మా" అన్న కేక వినిపిస్తుంది, నేను వెళ్ళి నీళ్ళు పట్టుకొస్తాను. ఆ తరువాత రోజంతా మా ఇంట్లో ఎవరూ ఎవరినీ పిలవరు. మాకు పిల్లలు లేరు. సొంతూరు వదిలి ఈ హిందీవాళ్ళ ఊరొచ్చి, గోల్‌మురి రేకుల మిల్లులో ముప్పై రెండేళ్ళు చేసి రిటైరయ్యాను. ఇప్పుడు నా సైకిలుకు కూడా పని లేదు.

దాలమ్మకు ఇంట్లో కుళాయి ఉండాలని ఒకటే కోరిక. మంచం పట్టాక కూడా అదే మాట. "మనింట్లో కుళాయి తిప్పితే నీళ్ళు రావడం నాను సూత్తానా?" అని అడిగింది. "సూత్తావులే" అన్నాను. ఆ మాట అబద్ధమైపోయింది. ఆలస్యమైనా సరే నిజం చెయ్యాలని ఏడాదిగా కనెక్షన్లిచ్చే ఆఫీసు చుట్టూ తిరిగాను.

అంతగా తిరగాల్సి రావడానికి మా తెలివే కారణం. ఇల్లు కట్టాలంటే ముందు నక్షా, అంటే ఇంటి ప్లాను, గీయించి ఆఫీసులో మంజూరు చేయించాలి. మురుగు గొట్టం వీధివైపు ఉంది, పెరడేమో పల్లం. అందుకని పాయిఖానా వీధివైపు గదిలోనే ఉండాలన్నారు. గోవిందరావు అనే మా ఊరివాడు అలాగే గీసిపెట్టాడు, ముద్ర పడింది. ముద్ర పడ్డాక మేం మా ఇష్టప్రకారం కట్టుకున్నాం. పొయ్యీ అమ్మవారూ ఉన్న కప్పు కింద పాయిఖానా ఉండకూడదని మావాళ్ళ పట్టింపు. వీధి గదిలో దాలమ్మ పొయ్యి వేసింది, గూట్లో పైడితల్లమ్మ పటం పెట్టింది. పాయిఖానా పెరటి చివర గోతి మీదికి పోయింది. "కాగితం ఆపీసోళ్ళకి, ఇల్లు మనకి" అంది. నాకూ అది న్యాయంగానే తోచింది.

ఆవిడ ఉండగానే కుళాయి కోసం అర్జీ పెడితే ఓవర్సీరు ఒకసారి వచ్చాడు. "నక్షే మే జో హై, వహీ చాహియే" అన్నాడు. నక్షాలో ఏముందో ఇంట్లోనూ అదే ఉండాలట. మురుగు కనెక్షన్ లేని ఇంటికి నీళ్ళ కనెక్షన్ లేదట. పెరట్లో ఉన్నది నీకు కనబడలేదా అని నేను ఎగిరాను. నీళ్ళు పల్లానికే పోతాయి, మీకోసం ఎత్తు ఎక్కవు అని హిందీలో నెమ్మదిగా చెప్పాడు. అందులో తప్పు పట్టడానికేమీ లేదు. నాకు అందుకే ఇంకా ఒళ్ళు మండింది. దాలమ్మ పొయ్యి తియ్యనంది, కుళాయి కావాలనీ అంది. అవ్వా కావాలి, బువ్వా కావాలంటే ఎలాగే అని వెక్కిరించాను. ఇప్పుడు తలుచుకుంటే నా నాలుక కోసుకోవాలనిపిస్తుంది.

ఈసారి అడ్డం చెప్పేవాళ్ళు లేరు. పటాన్ని వెనక గదిలోకి మార్చి, పొయ్యి నేనే పగలగొట్టాను. సుత్తి ఎత్తేముందు కాసేపు ఆగాను. వచ్చి తిడుతుందేమోనని గుమ్మం వైపు చూశాను. తిట్టి ఉంటే ఎంతో బాగుండేది. ఆ గదిలోనే నక్షా ప్రకారం పాయిఖానా కట్టించాను. గోడకు పట్టిన మసి మూడు పూతల సున్నం వేసినా పూర్తిగా పోలేదు.

ఓవర్సీరు వచ్చి, టేపుతో కొలిచి, బాగుందన్నాడు. చివర్లో ఒక కాగితం ఇచ్చాడు. ఇంటికి కనెక్షన్ తీసుకున్నవాళ్ళు ఇక వీధి కుళాయిలో నీళ్ళు పట్టకూడదని అందులో ఉంది. నవ్వుతూ సంతకం పెట్టాను. ఇంట్లో నీళ్ళుండగా వీధిలోకి ఎవడు పోతాడు?

గొట్టం బిగించిన మర్నాడు పొద్దున్న కుళాయి తిప్పాను. ముందు గాలి, తరువాత ఎర్రనీళ్ళు, ఆ తరువాత మంచినీళ్ళు వచ్చాయి. "సూడు" అన్నాను పైకే. ఇంట్లో ఎవరూ పలకలేదు. అంతలో వీధిలోంచి జోగమ్మ గొంతు వినిపించింది.

"అసిరయ్యా... పైడమ్మా... నూకాలమ్మా..."

రోజూ పైడమ్మ తరువాతది మా బిందె. కుళాయి కట్టేసి చెవి ఒగ్గి విన్నాను. జోగమ్మది తప్పు కాదు, బిందె అక్కడ లేకపోతే పేరెలా పిలుస్తుంది? ఏడాదిగా నీళ్ళకోసమే వెళుతున్నాననుకున్నాను. ఆ పేరు వినడానికి వెళ్ళానని అప్పుడు తెలిసింది. కొత్త పాయిఖానా గుమ్మంలో కూర్చుని, మనిషి పోయిన రోజున కూడా ఏడవనంతగా ఏడ్చాను.

సాయంత్రం బిందె తోమి తీసుకెళ్ళి వరసలో పెట్టాను. జోగమ్మ అక్కడే ఉంది.

"ఏటన్నియ్యా, మీ ఇంటికి కుళాయొచ్చీసింది కదా. మల్లీ ఈ బిందేటి?"

"ఉండనీ అమ్మా."

"ఆపీసోళ్ళు సూత్తే ఊరుకోరు. ఈది నీళ్ళు పట్టనని సంతకం ఎట్టీసినావంట."

"ఎట్టింది నాను. దాలమ్మ ఎట్టలేదు కదా."

జోగమ్మ నా మొహంలోకి చూసింది.  చివరనున్న మా బిందెను ఎత్తి పైడమ్మ బిందె పక్కన పెట్టింది.

తెల్లారి ఇంట్లో కుళాయి ముట్టుకోకుండా అరుగు మీద కూర్చున్నాను. అసిరయ్యను పిలిచింది, పైడమ్మను పిలిచింది. నేను అరుగు అంచుకు జరిగాను.

"దాలమ్మా..."

"వత్తన్నా" అని లేచాను.