దూరం నుంచి కనబడే రంగు

ఎబినేజర్ సారు ముప్పై ఒక్క ఏళ్ళు హైస్కూల్లో సోషల్ చెప్పి రిటైరయ్యాడు. రిటైరైన వాళ్ళలో కొందరికి యోగా పట్టుకుంటుంది, కొందరికి షుగరు పట్టుకుంటుంది. సారుకు బిళ్ళలు పట్టుకున్నాయి. మందుబిళ్ళలు కాదు. గద్దె మీద ఉన్నవాళ్ళు 'నువ్వు ఫలానా వాడివి' అని లోకులు గుర్తుపట్టేలా మనుషుల బట్టల మీద తగిలించిన బిళ్ళలు. ఒక దేశంలో అది గుడ్డపీలిక, ఇంకో దేశంలో టోపీ, మరో చోట నక్షత్రం. వాటి చరిత్ర మీద ఒక చిన్న పుస్తకం రాయాలని ఆయన పట్టుదల. అప్పటికి మూడు నోటుబుక్కులు నిండాయి.

వినేవాళ్ళు దొరకడమే కష్టం. కరీంనగర్‌లో జగిత్యాల రోడ్డు పక్కన ఐదంతస్తుల అపార్టుమెంటు వాళ్ళది. సారు నాలుగో అంతస్తు నుంచి పాలప్యాకెట్ల కోసం దిగాడంటే లిఫ్టులో ఉన్నవాళ్ళు ఫోను చెవికి పెట్టుకునేవాళ్ళు. భార్య రిబ్కమ్మ అయితే మొహమాటం లేకుండా, "ఇయ్యాల నాకు చెవి నొస్తున్నది" అనేది. చివరికి మిగిలింది వాచ్‌మన్ రాయమల్లు. మందమర్రి బొగ్గుబాయిలో ఏళ్ళ తరబడి పనిచేసి వచ్చిన మనిషి. ఆయనకు తొందర లేదు.

"పన్నెండు వందల పదిహేనుల రోముల పెద్ద పెద్ద పాదిరీలందరు కూసున్నరు రాయమల్లూ. యూదులు, ముసల్మానులు వేరే తీరు బట్టలు కట్టాలె, చూడంగనే తెల్వాలె అని తీర్మానం చేసిన్రు."

"తీర్మానాలకేంది సారూ, కూసున్నోళ్ళు చేస్తనే ఉంటరు" అనేవాడు రాయమల్లు.

ఆ జనవరిలో అపార్టుమెంటు సెల్లారులో రెండు సైకిళ్ళు పోయాయి. ఎవరు తీశారో ఇప్పటికీ తెలియదు. ఆదివారం మీటింగు పెట్టారు. అసోసియేషన్ ప్రెసిడెంటు లింగమూర్తిది గ్రానైటు వ్యాపారం. మంచివాడు. రిబ్కమ్మకు ఆపరేషన్ అయినప్పుడు వారం రోజులు తన కారు ఆస్పత్రి దగ్గరే ఉంచిన మనిషి.

"బయటోళ్ళు ఎవరో, మనోళ్ళు ఎవరో తెలుస్తలేదు" అన్నాడు లింగమూర్తి. "పనోళ్ళకు, కూరగాయలోళ్ళకు, ఇస్త్రీ ఆయనకు అందరికీ మెడల కార్డులు వేద్దాం. ఏ రంగైతే బాగుంటది? ఎబినేజర్ సారూ, మీరు చదువుకున్నోళ్ళు, మీరు చెప్పుండ్రి."

సారు అప్పుడే చర్చి నుంచి వచ్చాడు. టై కూడా విప్పలేదు. నలభై ఇళ్ళవాళ్ళు తనవైపు తిరిగి తన మాట కోసం ఎదురుచూడడం రిటైరయ్యాక అదే మొదటిసారి. గొంతు సవరించుకున్నాడు.

"పసుపు పెట్టుండ్రి. దూరంకెళ్ళి కనబడతది."

చప్పట్లు కొట్టారు. సారును అక్కడికక్కడే కమిటీ మెంబరును చేశారు.

వారం తిరిగేసరికి ఇరవై ఆరు మందికి పసుపు కార్డులు వచ్చాయి. సారు వాళ్ళింట్లో పనిచేసే నర్మద మెడలో ఒకటి, ఆకుకూరల సుల్తాన్ బీ మెడలో ఒకటి. సుల్తాన్ బీ పొద్దున్నే పాలకూర, మెంతికూర, పుంటికూర గంపలో పెట్టుకొని అంతస్తు అంతస్తుకూ తిరిగేది. కార్డు వేసుకున్న మొదటి రోజు తలుపు కొట్టి, "దేఖో సారు, నాక్కూడ నౌకరీ దొరికింది" అని నవ్వింది. సారు కూడా నవ్వాడు.

తరువాత ఒక కాగితం వచ్చింది. లిఫ్టు కరెంటు బిల్లు ఎక్కువవుతోంది కనుక పసుపు కార్డు వారు మెట్లు వాడవలెను. సారు సంతకం పెట్టాడు. ఇంకో వారానికి ఇంకో కాగితం. సెల్లారులో బెంచీలు ఇళ్ళవారి కోసం వేసినవి కనుక పసుపు కార్డు వారు కూర్చోరాదు. అదీ చిన్న విషయమే అనిపించింది, పెట్టాడు. మూడోది వెనక గేటు గురించి. దాన్ని చదవకుండానే పెట్టాడు, ఎందుకంటే అప్పుడు ఆయన జర్మనీ అధ్యాయం రాస్తున్నాడు.

ఈలోగా మాట కూడా మారింది. నర్మద, సుల్తాన్ బీ, ఇస్త్రీ కనకయ్య అనే పేర్లు తగ్గిపోయి, "పసుపోళ్ళు" అనే ఒక్క పేరు వచ్చింది. "పసుపోళ్ళు వచ్చిన్రా?" "పసుపోళ్ళను అడుగు." ఎవరూ కోపంతో అనలేదు. సౌకర్యంగా ఉందని అన్నారు.

మార్చి మొదట్లో ఒక రోజు లిఫ్టు చెడిపోతే సారు మెట్లెక్కి వస్తున్నాడు. మూడో అంతస్తులో నర్మద ఒక తలుపు ముందు నిలబడి ఆయాసపడుతోంది. తలుపు తెరిచింది ఆరేళ్ళ పాప. నర్మదను చూసి, లోపలికి తిరిగి, గట్టిగా అరిచింది.

"మమ్మీ! పసుపుది వచ్చింది!"

'పసుపుది.' ఆ పాప ముద్దుగానే అంది. నర్మద చెమట తుడుచుకొని లోపలికి వెళ్ళిపోయింది. సారు మాత్రం ఒక కాలు పైమెట్టు మీద, ఇంకో కాలు కిందిమెట్టు మీద అలాగే నిలబడిపోయాడు.

ఇంటికి వచ్చి నోటుబుక్కులు ముందర వేసుకున్నాడు. ఎనిమిది వందల యాభైలో బాగ్దాదు ఖలీఫా తన రాజ్యంలోని క్రైస్తవులు, యూదులు తేనెరంగు బట్ట వేసుకోవాలన్నాడు. ఆ తరువాత యూరపు రాజులు యూదులకు బట్టమీద బిళ్ళ పెట్టారు. పంతొమ్మిది వందల నలభై ఒకటిలో జర్మనీలో యూదులు పసుపు నక్షత్రాన్ని ఎడమ రొమ్ము మీద, ఊడిపోకుండా కుట్టుకోవాలన్నారు. ఆ పేజీ మార్జిన్లో సారు తన చేత్తోనే రాసుకున్నాడు: 'పసుపే ఎందుకు? దూరం నుంచి కనబడుతుంది గనక కాబోలు.'

ఆ వాక్యం రాసింది డిసెంబరులో. మీటింగు జరిగింది జనవరిలో.

సారు కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. రిబ్కమ్మ వచ్చి, "ఏమైంది, మొఖం గట్ల పెట్టిన్రు?" అంది. చెప్పాడు. ఆమె పెనం మీద రొట్టె తిప్పి వచ్చి అప్పుడు అంది.

"మీ తాత దొర గడి ముందరికెళ్ళి పోతే చెప్పులు చేతుల పట్టుకునేటోడని మీరే చెప్తరు గదా. గా దొర కూడ ఏం తిట్టకపోయేటోడేమో. ఊకె అరుగు మీద కూసునేటోడేమో."

ఆ రాత్రి సారు నిద్రపోయాడో లేదో గాని, తెల్లారి మాత్రం ఒక పని చేశాడు. నర్మద వంటింట్లో మేకుకు తగిలించిన పసుపు కార్డు అడిగి తీసుకొని, తన మెడలో వేసుకొని, మెట్ల మీదుగా దిగి, వెనక గేటుగుండా బయటికి వెళ్ళాడు. నలుగురూ చూసి సిగ్గుపడతారని ఆయన ఆలోచన. ఎవరూ సిగ్గుపడలేదు. రెండో అంతస్తాయన, "సారూ, పొరపాటున పనామె కార్డు ఏసుకున్నట్టున్నరు" అని మర్యాదగా గుర్తుచేశాడు.

గేటు బయట గోడ నీడన సుల్తాన్ బీ గంప ముందర పెట్టుకొని కూర్చుంది. లిఫ్టు ఎక్కొద్దన్న రోజునుంచి ఆమె లోపలికి రావడం మానేసింది. మోకాళ్ళ నొప్పితో ఐదంతస్తులు ఎక్కలేను, కావలసినవాళ్ళే దిగి రానీ అని అక్కడే గోనెసంచి పరుచుకుంది. సారును, ఆయన మెడలో కార్డును చూసి పకపకా నవ్వింది.

"ఏంది సారూ గీ తమాషా?"

"మీరందరు ఏసుకున్నప్పుడు నేను గూడ ఏసుకుంట, సుల్తాన్ బీ."

"మీరేసుకుంటే నాటకం సారూ. ఇంటికి పోంగనే తీసి పక్కకు పెడ్తరు. జర ఆ నీడకు రాండ్రి, ఎండ కొడ్తుంది." ఆయన జరిగి నిలబడ్డాక నవ్వు ఆపి మళ్ళీ అంది. "రంగు చెప్పింది మీరేనట గదా?"

"నీకెవరు చెప్పిన్రు?"

"అందరికీ ఎరుకే. రాయమల్లు మీటింగుల కుర్సీలేసిండు గదా, విన్నడు. నేను ఫికర్ చెయ్యలే. సారుకు ఎరుకలేక అన్నడనుకున్న."

"ఎరుకే" అన్నాడు సారు. "అందరికన్న ఎక్కువ నాకే ఎరుక."

సుల్తాన్ బీ పుంటికూర కట్ట విదిల్చి, నీళ్ళు చల్లింది. "అట్లైతే మీరే చెప్పాలె. పెట్టుమన్న నోటితోని తియ్యమనాలె. నేను చెప్తె ఎవరింటరు?"

ఆ ఆదివారం మీటింగులో సారు లేచాడు. టై కట్టుకోలేదు. బాగ్దాదు చెప్పాడు, జర్మనీ చెప్పాడు, తన తాత చెప్పుల గురించి చెప్పాడు. పసుపు రంగు తన నోటినుంచే వచ్చిందని చెప్పాడు. కార్డులు తీసేయాలన్నాడు.

లింగమూర్తి నొచ్చుకున్నాడు. "అంటే మేమంత హిట్లర్లమా సారూ?"

"కాదు లింగమూర్తి. మీరందరు నా లెక్కనే మంచోళ్ళు. నాకు గదే భయమైతున్నది."

అది అక్కడ ఎవరికీ నచ్చలేదు. సెక్యూరిటీ మాటేమిటని ఒకరు, సైకిళ్ళ మాటేమిటని ఇంకొకరు అడిగారు. చేతులెత్తమంటే కార్డులు ఉండాలని ఇరవై మూడు చేతులు, వద్దని ఎనిమిది చేతులు లేచాయి. ఎనిమిదిలో రెండు సారువీ, రిబ్కమ్మవీ.

సారు ఇంటికి వచ్చి నర్మద ముందు నిలబడ్డాడు. ఆమె బోళ్ళు తోముతోంది.

"నర్మదా, నేను తప్పు చేసిన. గా కార్డు రంగు చెప్పింది నేనే. తీపియ్యాలని చూసిన, కాలే."

నర్మద కుళాయి కట్టేసింది. "నాలుగేండ్ల సంది మీ ఇంట్ల చేస్తున్న సారూ. కార్డు మీద పేరు గూడ రాయలే, నంబరే ఏసిన్రు. పద్నాలుగు. మా ఇంటిపేరు మీకెరుకేనా?"

సారుకు తెలియదు. బాబిలోను రాజుల పేర్లు తెలుసు.

"గజ్జెల" అంది నర్మద. "గజ్జెల నర్మద." మళ్ళీ కుళాయి తిప్పింది.

మరునాడు పొద్దున్నే సెల్లారు నోటీసుబోర్డు మీద సారు గుండ్రటి దస్తూరితో ఒక కాగితం కనబడింది. 'ఈ అపార్టుమెంటుకు పనికి వచ్చే ఇరవై ఆరు మందికి పసుపు రంగు నేను సూచించాను. వారు లిఫ్టు ఎక్కరాదని, బెంచీల మీద కూర్చోరాదని, వెనక గేటున రావాలని ఉన్న కాగితాల మీద సంతకాలు పెట్టాను. అది అన్యాయం. వారందరినీ క్షమించమని అడుగుతున్నాను. కమిటీకి రాజీనామా చేస్తున్నాను. ఎస్. ఎబినేజర్.'

నర్మద ఏడో తరగతి దాకా చదివింది. పనికి వచ్చినవాళ్ళు పోగైతే కాగితం పైకి చదివి వినిపించింది. రెండోసారి చదవమంటే చదివింది. "లిఫ్టు గురించి మళ్ళొకసారి చదువు" అన్నాడు ఇస్త్రీ కనకయ్య. ఆ తరువాత అక్కడ ఏం మాట్లాడుకున్నారో రాయమల్లుకు తెలుసు గాని చెప్పడు. మొత్తానికి ఇరవై ఐదు మందీ కార్డులు తీసి రాయమల్లు కుర్చీలో కుప్ప పోసి, గేటు బయటికి వెళ్ళి సుల్తాన్ బీ పక్కన వరసగా కూర్చున్నారు. ఆమె కార్డు ఎప్పుడో ఆకుకూరల నీళ్ళలో తడిసి పాడైపోయింది.

లింగమూర్తి దిగి వచ్చాడు. "లోపటికి రారేంది?"

"కార్డు లేనిదే రానియ్యద్దని మీదే రూలు సారూ" అన్నాడు రాయమల్లు, చాలా వినయంగా.

"అయితే ఏసుకోమను."

"ఏసుకోరట."

తొమ్మిదయ్యేసరికి నలభై వంటిళ్ళలో రాత్రి అంట్లు అలాగే ఉన్నాయి. ఆఫీసులకు వెళ్ళేవాళ్ళ చొక్కాలు ఇస్త్రీ లేకుండా ముడతలతో బయలుదేరాయి. పదికి చెత్తబుట్టలు వాసన మొదలుపెట్టాయి. లింగమూర్తి లుంగీ ఎగ్గట్టి టీగ్లాసులు కడుగుతూ రెండు పగలగొట్టాడని ఆయన భార్యే అందరికీ చెప్పింది. ఎబినేజర్ సారు కూడా బోళ్ళు తోమాడు. రిబ్కమ్మ వాటిని మళ్ళీ తోమింది.

సాయంత్రం మళ్ళీ మీటింగు. ఈసారి చరిత్ర ఎవరూ మాట్లాడలేదు. లింగమూర్తి భార్య లేచి, "నాకు మోకాళ్ళ నొప్పులున్నయి, సుల్తాన్ బీకి లేవా? లిఫ్టు కాగితం చింపుండ్రి ముందుగాల" అంది. అంతకంటే పొడుగైన ఉపన్యాసం అవసరం పడలేదు. కార్డులు పోయాయి. గేటు దగ్గర పుస్తకం పెట్టారు. బయటినుంచి వచ్చే ఎవరైనా, ఇళ్ళకు వచ్చే చుట్టాలైనా సరే, అందులో పేరు రాయాలి. బెంచీల కాగితాన్ని కనకయ్య స్వయంగా పీకాడు. వెనక గేటు మాట మాత్రం తేలలేదు. కొన్నాళ్ళు ఎవరికి ఏ గేటు దగ్గరైతే ఆ గేటున వచ్చారు, ఆఖరికి దాన్ని పట్టించుకునేవాళ్ళే లేకపోయారు.

అందరూ సంతోషించారని కాదు. మూడో అంతస్తువాళ్ళు సారుతో ఇప్పటికీ ముభావంగానే ఉంటారు. లింగమూర్తి నెల రోజులు పలకరించలేదు. ఉగాదినాడు పచ్చడి గిన్నె పంపించి, ఆ తరువాత మెల్లగా మాట కలిపాడు. ఇద్దరూ ఆ సంగతి మాత్రం ఎత్తరు.

సుల్తాన్ బీ వెంటనే రాలేదు. "తొందరేముంది, గాలి మంచిగొస్తుంది ఇక్కడ" అంటూ నాలుగు రోజులు గేటు బయటే కూర్చుంది. ఐదో రోజు గంపతో లిఫ్టులో నాలుగో అంతస్తుకు వచ్చింది. రిబ్కమ్మ కుర్చీ వేసి చాయ్ ఇచ్చింది. మోకాళ్ళ గురించీ, మనవరాలు నూరీన్ పదో తరగతి పరీక్షల గురించీ మాట్లాడుకున్నారు. పిల్ల భయపడుతోందని, అన్నం తినడం లేదని సుల్తాన్ బీ దిగులుపడింది.

సారు ఉత్సాహంగా ముందుకు జరిగాడు. "రేపటి సంది నా దగ్గరికి పంపు సుల్తాన్ బీ. చరిత్ర, సివిక్స్ ఏది కావాలన్న నేను చెప్త."

సుల్తాన్ బీ చాయ్ గ్లాసు కింద పెట్టి, ఆయన మనసు నొప్పించకుండా ఎలా చెప్పాలా అని ఒక్క నిమిషం ఆలోచించింది.

"పిల్లకు సోషలు మంచిగనే వస్తది సారూ. లెక్కలే వస్తలేవు."