చిట్టియ్య గొంతు

పెద్దాపురంలో మైకు చిట్టియ్య అంటే తెలియనివాళ్లు లేరు. మరిడమ్మ జాతరలో పిల్లలు తప్పిపోతే తల్లులు ముందు పరిగెత్తేది అతని దగ్గరికే. ఊరందరి పిల్లల్నీ మైకులో పేరుపెట్టి పిలిచిన మనిషి సొంత కూతురితో మాత్రం మాటలు మానేశాడు. వచ్చిన బ్యాంకు ఉద్యోగం కాదని, కాకినాడలో గది తీసుకుని కంప్యూటర్లో బొమ్మలు చేసుకుంటానన్న సారిక మీద కోపం అతను చనిపోయేదాకా తగ్గలేదు.

తండ్రి పోయిన మరుసటి ఏడు సారిక ఆ గొంతుతోనే ఒక ప్రదర్శన తయారుచేసింది. పాత ప్రకటనల రికార్డింగులన్నీ పోగేసి, కాకినాడలో యుగంధర్ అనే అతని రికార్డింగ్ స్టూడియోలో కంప్యూటర్‌కి ఆ గొంతు నేర్పించింది. రాజమండ్రిలో ఒక హాలు. గోడ నిండా తండ్రి ముఖం. అది మెల్లగా సారిక ముఖంగా మారి, మళ్లీ తండ్రిదయ్యేది. చివర్న ఆ గొంతు, "అమ్మా సారికా, తప్పు నాదేనమ్మా. ఇంటికి రా" అనేది.

చూడ్డానికి వచ్చిన తల్లి సంపూర్ణమ్మ ఆ మాట విని గబగబా కూతురి దగ్గరికొచ్చింది.

"ఎప్పుడన్నారే? నాకు చెప్పనేలేదు. ఫోన్లో దాచుకున్నారా?"

నిజం చెబుదామనే సారిక నోరు తెరిచింది. తల్లి ముఖం చూశాక, "ఆఁ, ఫోన్లోనే దొరికిందమ్మా" అనేసింది. ఆ వారం చూసినవాళ్లంతా మెచ్చుకున్నారు. సారికకు ఆ మెప్పు గొంతు దిగలేదు.

జాతర రోజులొచ్చాయి. సారిక పెద్దాపురం ఇంట్లో ఉండగానే వీధిలో ఆటో మైకు మోగింది. "రండి బాబూ రండి! కాకినాడ రోడ్డు పక్కనే, మీ సొంతింటి స్థలం!" అచ్చంగా చిట్టియ్య గొంతే. సంపూర్ణమ్మ చెంగుతో చెయ్యి తుడుచుకుంటూ గుమ్మం దాటి పరిగెత్తింది. ఆటో సందు తిరిగేదాకా నడిరోడ్డు మీదే నిలబడిపోయింది.

ఆ గొంతు ఉన్నది యుగంధర్ కంప్యూటర్లోనే. సారిక అప్పుడే కాకినాడ బస్సెక్కింది. ఆమె నిలదీస్తే యుగంధర్ నొచ్చుకోలేదు సరికదా, కుర్చీ జరిపి కూర్చోమన్నాడు.

"కోప్పడకండి సారిక గారూ. జనం ఆ గొంతు నమ్ముతారని స్థలాలమ్మే వెంచర్ వాళ్లు అడిగారండి."

"మా నాన్న ఏనాడూ అనని మాటలండీ అవి!"

"మీరనిపించినవి మాత్రం ఆయనన్నారా అండి?"

అతను వెటకారంగా అనలేదు. నిజంగానే అడిగాడు. ఆమె ఎదుటే ఫైళ్లు తీసేశాడు కూడా. కానీ అవి అప్పటికే వెంచర్ వాళ్ల ఆటోలన్నిటికీ చేరిపోయాయి.

ఇంటికొచ్చేసరికి తల్లి వసారాలో కూర్చుని ఉంది.

"ఆటోవాడు చెప్పాడు, మిషన్ మాట్లాడుతుందంట. అయితే రాజమండ్రిలో నేను విన్నదీ అదేనా?"

"అదేనమ్మా" అంది సారిక.

"ఆ ఒక్క మాట నీతో అనమని ఎన్నిసార్లు కాళ్లావేళ్లా పడ్డానో నీకు తెలీదే. పోయేముందైనా అన్నారు కదా అని, ఇన్నాళ్లూ ఆయన ఫోటోకి దణ్ణం పెట్టుకున్నాను."

సంపూర్ణమ్మ ఏడవలేదు. రెండు చీరలు సర్దుకుని మండపేటలో చెల్లెలింటికి వెళ్లిపోయింది. సారిక ఆపలేకపోయింది.

వారం ఆగి ఫోన్ చేసింది.

"అమ్మా, నేను."

"నువ్వేనా?"

"నేనేనమ్మా. సారికని."

"ఏమోనే" అని సంపూర్ణమ్మ ఫోన్ పెట్టేసింది.