తెంగిజ్ రాజు నడక

"ఆక్రోట్లు ఇంకా మెత్తగా దంచమ్మాయ్. కిందటిసారి పలుకులు పంటికింద పడ్డాయని వఖ్తాంగ్ గారు మొహం చిట్లించారు" అంది మా అత్తగారు మార్గో. వఖ్తాంగ్ గారు ఆటల వారపత్రిక సంపాదకుడు. ఆ మధ్యాహ్నం జార్జియా రాజధాని త్బిలిసీలోని మా ఇంట్లో విందు ఆయన కోసమే. రోలు ఒడిలో పెట్టుకుని దంచుతున్నాను గానీ నా ధ్యాసంతా పక్కగదిలో టైపు మిషన్‌కి ఎక్కించి వచ్చిన కాగితం మీదే ఉంది.

ఆ పత్రికలో వారం వారం చదరంగం గురించి పది ప్రశ్నలు వస్తాయి. పైన మా ఆయన ఫొటో, కింద పేరు: గ్రాండ్‌మాస్టర్ తెంగిజ్ గాబునియా. ప్రశ్నలు వెతికేది, జవాబులు సరిచూసేది, టైపు కొట్టేది నేను. నాలుగేళ్ళుగా ఇదే వరస. ఎవరు ఏ వయసులో మాస్టరయ్యారు, ఎవరు బోర్డు చూడకుండా ఒకేసారి ఎంతమందితో ఆడారు, ఎవరు ఓటమి లేకుండా ఎన్ని ఆటలు లాక్కొచ్చారు, అన్నీ నాకు నోటికొచ్చు. ఒకసారి ఆడవాళ్ళలో తొలి ప్రపంచ విజేత వేరా మెన్‌చిక్ గురించి రాశాను. ఆవిడ చేతిలో ఓడిన మగ మాస్టర్లను 'మెన్‌చిక్ క్లబ్బు' సభ్యులని తోటివాళ్ళే ఆటపట్టించేవారట. తెంగిజ్ దాన్ని ఎర్ర పెన్సిలుతో కొట్టేశాడు. "ఆడవాళ్ళ ప్రశ్న మార్చికి దాచు. ఎనిమిదో తారీకు మహిళా దినోత్సవానికి పనికొస్తుంది" అన్నాడు.

ఈ వారం పదో ప్రశ్న వఖ్తాంగ్ గారే పంపారు. వాయిదా పడిన ఆటలో, అందరూ డ్రా అని వదిలేసిన చోట, రాజును ఆరు గళ్ళు నడిపించి గెలిచే దారి కనిపెట్టింది ఎవరు?

కనిపెట్టింది నేను.

ఐదేళ్ళ కిందట లెనిన్‌గ్రాడ్ ఆటగాడితో తెంగిజ్ ఆట సాయంత్రానికి తెమల్లేదు. తరవాతి ఎత్తును కాగితం మీద రాసి, కవరులో పెట్టి అంటించి, న్యాయనిర్ణేత చేతికిచ్చి ఇంటికొచ్చాడు. మిగతా ఆట మర్నాటికి. పొద్దున్నే ముగ్గురు స్నేహితులొచ్చి, బోర్డు చుట్టూ చేరి, ఇది డ్రాయే అని తేల్చి, కాఫీ తాగి వెళ్ళిపోయారు. కప్పులు తీద్దామని వెళ్ళాను. రెండు ఈ చేతిలో, రెండు ఆ చేతిలో. కూర్చోను కూడా లేదు. ముందు బంటును ఒక్క గడి తోస్తే అవతలి మంత్రికి దారి మూసుకుపోతుంది. ఆ తరవాత రాజు నిక్షేపంగా నడిచి వెళ్ళిపోవచ్చు. గడ్డం గీసుకుంటున్న తెంగిజ్‌ని పిలిచి చూపించాను. నురగ మొహంతోనే బోర్డు మీదికి వంగాడు. చివరికి, "నాకూ అదే తట్టబోతోంది" అన్నాడు. ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టరయ్యాడు. పుస్తకాల్లో దాని పేరు తెంగిజ్ రాజు నడక. పెళ్ళికి ముందు కుతాయిసి ఊళ్ళో ఆడవాళ్ళ పోటీ మూడేళ్ళు వరసగా నేనే గెలిచాను. అది ఎవరూ అడగరు. మా పాప పుట్టిన కొత్తలో చదరంగం క్లబ్బుకి వెళ్తానంటే అత్తగారు, "వెళ్ళు, ఎవరొద్దన్నారు? పిల్ల నిద్ర లేచేలోగా వచ్చెయ్" అనేది. పిల్ల నిద్ర లేచేలోగా ఏ ఆట తెములుతుంది?

విందుకి ముందు చొక్కా ఇస్త్రీ చేసి ఇస్తూ తెంగిజ్‌ని అడిగాను.

"పదో ప్రశ్నకి నా పేరు రాస్తాను. ఈ ఒక్కదానికే."

నవ్వాడు. కోప్పడినా బాగుండేది.

"జనం నవ్వుతారు లమారా. నన్ను చూసి కాదు, నిన్ను చూసి. మొగుడి ఆట మీద తన పేరేసుకుందంటారు. అయినా నీదైతే ఏంటి, నాదైతే ఏంటి? ఒకే ఇల్లు కదా."

"ఒకే ఇల్లైతే నా పేరే ఉండనీ."

"ఇదిగో, గుండీ ఊడేలా ఉంది చూడు" అని చొక్కా మళ్ళీ నా చేతిలోనే పెట్టాడు.

గుండీ కుట్టాను. కుట్టకపోతే నలుగురిలో మాట పడేది నేనే.

విందులో వఖ్తాంగ్ గారు గ్లాసెత్తి, "మన ఇళ్ళల్లో వెలుగు నింపే ఆడవాళ్ళ కోసం" అన్నారు. మగవాళ్ళంతా లేచి నిలబడి తాగారు. అప్పుడు నేను వంటింట్లో కోడిముక్కల మీద ఆక్రోట్ల ముద్ద సర్దుతున్నాను. అత్తగారు తొంగిచూసి, "నీ కోసం లేచి నిలబడ్డారే" అంది మురిసిపోతూ.

నేను పళ్ళెం పట్టుకుని గుమ్మంలోకి వచ్చేసరికి వఖ్తాంగ్ గారు అడుగుతున్నారు. "ఇంతకీ ఆ నడక నీకెలా తట్టిందయ్యా?"

"గడ్డం గీసుకుంటున్నానండీ. అద్దంలో నురగ మధ్య రాజు కనిపించాడు. లేచాడు, నడిచాడు. ఆరు గళ్ళూ నడిచాక, అప్పుడు తీరిగ్గా బంటును తోశాను."

అందరూ పగలబడి నవ్వారు. వఖ్తాంగ్ గారు బల్ల చరిచి, "భలే ఉంది, ఇదే వేద్దాం. అమ్మా లమారా, ఆయన చెప్పింది చెప్పినట్టు కొట్టి ఇవ్వు, వెళ్తూ పట్టుకెళ్తాను" అన్నారు.

బంటు తరవాతా? రాజు ముందే బయలుదేరితే అవతలి మంత్రి అడుగడుక్కీ చెక్ చెబుతూనే ఉంటుంది. ఎన్ని గంటలు ఆడినా డ్రాయే. వైన్ మత్తులో బల్ల దగ్గర ఒక్కరూ గమనించలేదు. ఆడినవాడికే గుర్తు లేదు. ఎలా ఉంటుంది, నేను చెప్పిన వరసను అప్పజెప్పి వచ్చాడు తప్ప అది ఎందుకు గెలుస్తుందో ఏనాడూ అడగలేదు. నాకు ఏడుపొచ్చింది. నా పేరు పోయినందుకు ఏనాడో ఏడ్చేశాను. తీసుకున్నవాడు దాన్ని భద్రంగానైనా దాచుకోలేదని ఇప్పుడు ఏడుపు.

పళ్ళెం బల్ల మీద పెట్టి టైపు మిషన్ ముందు కూర్చున్నాను. వేళ్ళు వాటంతటవే బంటును ముందుకి తేబోయాయి. ఆయన వ్యాసాలు, ఆయన ఉత్తరాలు, ఆయన ఆటలు, ఇన్నేళ్ళూ దిద్దుతున్నానని నాకే తెలియకుండా దిద్దాను. ఈ దేశంలో ప్రతి ఊళ్ళోనూ ఆదివారం బోర్డు పరిచి పత్రికలోని ఎత్తులన్నీ ఆడి చూసేవాళ్ళు పదిమందైనా ఉంటారు. ఆయన చెప్పింది చెప్పినట్టు కొడితే బస్తాలతో ఉత్తరాలొస్తాయి. గ్రాండ్‌మాస్టర్ గారూ, మీ ఆట మీకే తెలియదా అని అడుగుతారు. ఆ పరువు నా ఇంటిదే అని కూడా తెలుసు నాకు. పిల్లని బడిలో ఏడిపిస్తారు. అత్తగారు నెలరోజులు నాతో మాట్లాడదు. అన్నీ ఆలోచించి, ముందు రాజు, తరవాత బంటు అని కొట్టాను. జవాబు దగ్గర ఆయన పేరే పెట్టాను.

తెంగిజ్ కలం పట్టుకుని వచ్చాడు.

"సరిచూశావా?"

"లేదు. ఇకమీద చూడను."

పరాచికమనుకుని నవ్వి, చదవకుండానే సంతకం పెట్టాడు.