మూడో పటం

గోడకు మేకు కొట్టడం ఎవడికైనా వచ్చు. పటం నిలవడమే కష్టం. పురికొసతో వేలాడదీసి చేతులు దులుపుకుని పోయేవాళ్లంటే నాకు ఒళ్లు మంట. కొల్లేటి గాలికి ఆ కొస ఏడాదిలో చివికిపోతుంది. కింద ఎవరున్నారో చూసుకుని పటం పడదు కదా.

తాడేపల్లిగూడెంలో బెల్లం టోకు వర్తకులు భీమశంకరం గారు పంతొమ్మిది వందల ముప్పయి నాలుగులో కొత్త డాబా కట్టి నాకు కబురు పెట్టారు. పోయిన ఇద్దరు భార్యల ఫొటోలూ టేకు చట్రాల్లో పటం కట్టి హాల్లో పెట్టాలి. అయితే చట్రాలు మూడు చెయ్యమన్నారు, మూడూ ఒకే కొలతలో. మూడోది ఏ దేవుడికో కాబోలనుకుని, అద్దాలు పగలకుండా గడ్డిలో సర్ది గుండుగొలను నుంచి నా ఎడ్లబండి మీద తెచ్చాను.

ఆ ఇద్దరు ఆడవాళ్లూ మూడేళ్ల తేడాలో వాంతులై పోయారు. కలరా అన్నారు. కలరా వచ్చి ఇంట్లో ఒక్కరిని తీసుకుని ఊరుకుంటుందా అని చాటుగా గొణిగినవాళ్లలో నేనూ ఉన్నాను. మొహాన అడిగినవాళ్లలో లేను.

"మూడు బిరడాలు దిగ్గొట్టు తాతాజీ," అన్నారాయన గోడ చూపించి. "రెండు పటాలు ఇప్పుడు పెట్టెయ్. మూడోదానికి మళ్లీ గోడ పగలగొట్టడం ఎందుకు?"

ఆ మాట అన్నప్పుడు ఆయన మూడో భార్య కుసుమకుమారి గుమ్మంలోనే ఉంది. ఇరవై ఏళ్లుండవు. ఆయన అటు చూడకుండానే కొట్టుకు వెళ్లిపోయారు.

గోడకు మూడు కన్నాలు తొలిచి, తుమ్మచెక్క బిరడాలు బిగించాను. మేకుకు పట్టు దొరికేది చెక్కలోనే, సున్నంలో కాదు. రెండు పటాలూ రాగితీగ మీద నిలిచాక ఆవిడ దగ్గరకొచ్చి మెల్లగా అడిగింది.

"మూడోది ఎవరికండీ?"

"నాకు చెప్పలేదమ్మా."

"మొన్న ఏలూరు నుంచి ఫొటోగ్రాఫరును పిలిపించి నన్నొక్కదాన్నే కూర్చోబెట్టి తీయించారండీ. మీరూ పక్కన కూర్చోండి అంటే, నాదెందుకు అన్నారు."

అనుమానానికి సాక్ష్యం ఉండదు. నేను తల వంచుకుని పనిముట్లు సర్దుకుంటుంటే ఆవిడ లోపలికి వెళ్లి, తలపాగాతో తీయించుకున్న భర్త ఫొటో తెచ్చింది.

"ఇది పటం కట్టి పెట్టండి. అడిగితే నేను చెప్పానని చెప్పండి. అప్పుడు ఆయన మొహం ఎలా ఉంటుందో నేను చూడాలి."

బతికున్న మనిషిని పోయినవాళ్ల వరసలో పెట్టడం ఎంత అశుభమో తెలిసినవాణ్ణి. నాకు భయమేసింది. అయినా ఆ పిల్ల ఫొటో నా చేతిలో పెట్టేస్తే కాదనలేకపోయాను. తీగ రెండు మెలికలు ఎక్కువే వేశాను. ఆవిడ మూడు అద్దాల మీదా కుంకుమ బొట్లు పెట్టింది.

మధ్యాహ్నం భోజనానికి వచ్చిన భీమశంకరం గారు కండువా తీయబోతూ గోడ చూశారు. కేకలేస్తారనుకున్నాను. వెయ్యలేదు. కుర్చీలో కూలబడి, నుదురు తుడుచుకుని, "ఎవరు పెట్టించారు?" అన్నారు.

"నేనేనండీ. ఖాళీగా ఉంటే బాగుండదని," అంటూ ఆవిడ రోజూలాగే మజ్జిగ గ్లాసు అందించింది.

ఆయన పటం వైపు చూశారు. గ్లాసులోకి చూశారు. చెయ్యి చాచలేదు.

"ముందు నువ్వు తాగు."

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకోవడం సామెతగా విన్నానే గానీ కళ్లారా చూడటం అదే మొదలు.

ఆవిడ మజ్జిగంతా తాగి, గ్లాసు బల్ల మీద పెట్టి, నావైపు తిరిగింది.

"మీ బండిలో చోటుంటుందా తాతాజీ గారూ? ఏలూరు మా అమ్మగారింటికి పోవాలి."

ఇంటాయన సెలవు అడగాలని నాకు తోచలేదు.

"ఎక్కండమ్మా," అన్నాను.